మూడో వరుస నవ్వింది

హెర్తా వాల్కె పన్నెండు సినిమాల్లో నటించింది. ఈరోజు బెర్లిన్‌లో ఆ పేరు ఎవరికీ గుర్తులేదు. నాకుంది, ఆమె గౌన్లన్నీ కుట్టింది నేనే కాబట్టి.

మూడేళ్లు గుంపు సీన్లలో నిలబడ్డాక ఆమెకు ఒక అసలైన వేషం దొరికింది. యుద్ధానికి వెళ్లే భర్తను స్టేషన్లో సాగనంపే ఇల్లాలు. అవి మూకీల రోజులు, మా సినిమాల్లో మాట వినపడదు కదా, కెమెరా ముందు ఎవరి నోటికొచ్చింది వాళ్లు వాగేవాళ్లు. హీరో ఎగోన్ రప్పిన్ బొటబొటా కన్నీళ్లు కారుస్తూ, "ఈ బూట్లు కరుస్తున్నాయే తల్లీ, రైలు తొందరగా కదిలితే బాగుండు" అన్నాడు. హెర్తా మాత్రం రాసిచ్చిన మాటలే నిదానంగా, తేటగా పలికింది.

"ఎవరి కోసమమ్మా అంత కష్టం? కెమెరాకు చెవుల్లేవు" అని ఎగోన్ వెక్కిరించాడు.

దర్శకుడు క్లాట్ గారికి అదే కంటగింపు. "నోరు మరీ ఆడిస్తున్నావు. జనానికి నచ్చకపోతే ఇదే నీ ఆఖరి సినిమా" అని తేల్చేశాడు.

ఆమె గౌను విప్పుతూ నేనూ చీవాట్లు పెట్టాను. "ఎందుకే ఈ మొండితనం? చేతికొచ్చిన వేషం పోగొట్టుకుంటావా?"

"మా నాన్నకు పుట్టుకతో వినపడదు, గెర్డా అక్కా. పెదాలు చూసే మాట తెలుసుకుంటాడు. ఆయన చూసే సినిమాలో అబద్ధం ఎలా ఆడను?"

ఇక చీవాట్లు మాని గౌను మడతపెట్టాను.

ఆదివారం మధ్యాహ్నం మొదటి ఆట. హెర్తా నాన్న బూట్లు కుట్టే మనిషి. తనలాగే వినపడని స్నేహితులను ఇరవై మందిని వెంటబెట్టుకొచ్చి మూడో వరుసలో కూర్చున్నాడు. తెర మీద ఎగోన్ ఏడుస్తున్నాడు. హాలంతా రుమాళ్లు తీసింది. మూడో వరుస మాత్రం పగలబడి నవ్వింది.

క్లాట్ గారి ముఖం పాలిపోయింది. హెర్తా నా చెయ్యి పట్టుకుంది. "నా పని అయిపోయింది అక్కా" అంది.

అంతలో తెర నిండా ఆమె ముఖం వచ్చింది. నవ్వు టక్కున ఆగింది. ఆ వరుసలో ఒక్కొక్కరే కళ్లు తుడుచుకోవడం చూసి నాకూ ఏడుపొచ్చింది.

ఆట అయ్యీ అవగానే క్లాట్ గారు వాళ్ల మీదికి వెళ్లాడు. "ఏడవాల్సిన చోట నవ్వుతారేమిటండీ?"

హెర్తా నాన్న జేబులోంచి పెన్సిలు తీసి టికెట్టు వెనక రాసిచ్చాడు. "మీ సైనికుడికి బూట్లు కరుస్తున్నాయట. ఆ ఇల్లాలు మాత్రం, నువ్వొచ్చేదాకా పొయ్యి చల్లారనివ్వను అంది. సినిమా నాతో మాట్లాడటం ఇదే మొదటిసారి."

క్లాట్ గారు అది పైకే రెండుసార్లు చదివాడు. వెనకే నిలబడ్డ ఎగోన్ చెవులు ఎర్రబడ్డాయి.

"తర్వాతి సినిమాలో హెర్తా ఉంటుంది" అన్నాడు క్లాట్ గారు, పెద్దాయనకు కనపడేలా ముఖం ఎదురుగా పెట్టి. "మీరు ప్రతి శనివారం స్టూడియోకి రావాలి. తీసినంతవరకు చూపిస్తాను. మీరు నవ్వకూడని చోట నవ్వితే మళ్లీ తీస్తాను."

పెద్దాయన కూతురి వైపు తిరిగి చేతులతో ఏదో చెప్పాడు. హెర్తా కళ్లలో నీళ్లతోనే నవ్వింది.

"ఏమంటున్నాడే?" అని అడిగాను.

"వస్తాడట. ఎగోన్ గారిని ఆ బూట్లు తెచ్చిపెట్టమంటున్నాడు, సరిచేస్తాడట."