వడ్డీ ఇల్లు

బ్యాంకు మొదటి వాయిదా కోసుకున్న మర్నాడు ఉదయం నూకరత్నం వంటింటి కిటికీ తలుపు తీసేసరికి, బయట గాలిలో ఒక ఇల్లు మొదలై ఉంది.

ఇంకా మోకాలెత్తు గోడే. కింద స్తంభాల్లేవు, నేల లేదు. గోడకీ భూమికీ మధ్య మూడంతస్తుల ఖాళీ, ఆ ఖాళీ అడుగున అపార్టుమెంటు వాళ్ళ స్కూటర్లు. గోడ వీళ్ళ గోడకి ఆనుకునే ఉంది. దాని మీద ఒక తాపీమేస్త్రి గొంతుక్కూర్చుని, తొందరేం లేనట్టు ఇటుకలు పేరుస్తున్నాడు.

నూకరత్నం పొయ్యి మీద పాలు పెట్టి కాసేపు చూస్తుంది.

"ఏమండీ, కిటికీ అవతల ఎవరో ఇల్లు కడుతున్నారు."

గౌరునాయుడు హాల్లో బూట్లు తొడుక్కుంటున్నాడు. పోర్టులో క్రేన్ నడుపుతాడు. షిఫ్టు బస్సు తప్పిపోతుందని అతనికి రోజూ భయమే. "కొత్త ఏరియా కదేటి. కట్టుకుంటారు మరి," అంటాడు. కిటికీ వైపు చూడడు. లేసులు కట్టుకుని వెళ్ళిపోతాడు.

మధురవాడలో ఈ ఫ్లాటు కొన్నాక ఇదే మొదటి నెల. అంతకు ముందు కంచరపాలెంలో అద్దె వాటాలో ఉండేవాళ్ళు. అక్కడ చుట్టాలొస్తే ఇంటావిడ మోటారు ఆపేసేది. కూతురు హిమజ గోడ మీద బొమ్మ గీస్తే నూకరత్నం తడిగుడ్డ పట్టుకుని పరుగెత్తేది. బ్యాంకులో లోన్లు చూసే సుభాషిణి, "అద్దె కట్టే డబ్బులే కదండీ, ఇంకాస్త వేసుకుంటే ఇల్లు మీదైపోతుంది," అంది. ఇరవై ఏళ్ళంది. నూకరత్నం హిమజ వయసుకి ఇరవై కలుపుకుని నవ్వుకుంది. అది మరీ ఎవరి సంగతో లాగా అనిపించింది.

ఆమె పాలు దించి, కిటికీ ఊచల దగ్గరికెళ్ళి మేస్త్రిని అడుగుతుంది.

"ఎవరిదండీ ఈ ఇల్లు?"

"తమరు కడుతున్నదే కదమ్మా."

"మేం కొన్నది ఇది కదండీ, నేను నిలబడ్డది."

"అదీ కట్టాలి కదమ్మా," అంటాడు మేస్త్రి. తట్టలో సిమెంటు మాలు దాదాపు అంతా ఆ గోడకి వేసేస్తాడు. తర్వాత తట్ట అడుగు గీకి, ఊచల్లోంచి చెయ్యి లోపలికి పెట్టి, మిగిలిన కాస్తా వంటింటి గోడకి అప్పడమంత మేర మెత్తుతాడు. "ఇది మీ ఇంటికి. ఈ నెలకింతే వస్తుంది."

ఆ అప్పడమంత చోటు మీద నూకరత్నం అరచెయ్యి ఆనిస్తుంది. అక్కడ గోడ వెచ్చగా ఉంది. మిగతా గోడంతా చల్లగా, బ్యాంకు గోడలా ఉంది.

అలా నెలనెలా జరుగుతుంది. వాయిదా కోసుకున్న మర్నాడు మేస్త్రి వస్తాడు, అటు గోడ లేపుతాడు, ఇటు గీకినది మెత్తి వెళతాడు. నూకరత్నం దగ్గర్లోని ప్లే స్కూల్లో పిల్లల్ని చూసుకుంటుంది. మధ్యాహ్నం ఇంటికొచ్చేసరికి కొత్త వరసలు తడిగా మెరుస్తుంటాయి. గోడలు కిటికీని దాటి పైకెళతాయి. స్లాబు పడుతుంది. వంటింట్లోకి వెలుతురు రావడం మానేస్తుంది. పట్టపగలు ట్యూబులైటు వేసుకుని కూర తరగాల్సి వస్తుంది.

పక్క ఫ్లాటు కామేశ్వరిని అడిగితే ఆవిడ వింతగా చూస్తుంది. "మాకూ ఉందమ్మా. అందరికీ ఉంటుంది. మేం కర్టెను వేసీసాం."

నూకరత్నం ఒకరోజు సెలవు పెట్టి బ్యాంకుకి వెళుతుంది. సుభాషిణి కుర్చీ చూపించి, మంచినీళ్ళు తెప్పించి, అంతా ఓపిగ్గా వింటుంది.

"అంటే మేం రెండిళ్ళు కడుతున్నామా మేడమ్?"

"రెండు కంటే కాస్త ఎక్కువేనండీ. అది పెద్దది కదా."

"మరి అందులో ఎవరుంటారు?"

"ఎవరూ ఉండరు. అది ఉండటానికి కాదండీ," అంటుంది సుభాషిణి, చిన్నపిల్లకి చెప్పినట్టు. "మీరు ఇందులో ఉన్నందుకు అది."

నూకరత్నం తలూపుతుంది. అందులో తప్పేమీ కనిపించదు. బస్సులో తిరిగొస్తుంటే మాత్రం, కిటికీ పక్కన సీటు దొరికినా, ఆమె లేచి నడవలో నిలబడుతుంది.

ఎవరూ ఉండరన్నది నిజం కాదు. గౌరునాయుడు మొదటిసారి ఆదివారం డ్యూటీ ఒప్పుకున్న రోజున నూకరత్నం ఆ సంగతి తెలుసుకుంటుంది. ఆమె పప్పు తాలింపు వేస్తూ కిటికీలోంచి ఎదురుగా ఆ ఇంటి కిటికీలోకి చూస్తే, హాల్లో గౌరునాయుడు చాప మీద పడుకుని ఉన్నాడు. బనీను, లుంగీ. మొహం మీద పేపరు కప్పుకున్నాడు. ఊపిరికి పేపరు లేస్తూ పడుతూ ఉంది.

"ఏమండీ," అని పిలుస్తుంది. కదలడు.

ఫోను చేస్తుంది. పోర్టు హోరులోంచి గౌరునాయుడు గొంతు వినిపిస్తుంది. "క్రేను మీదున్నాను. ఏటి?"

"ఏం లేదు. తిన్నారా?"

"తింటాను. పెట్టీయ్."

ఆమె ఫోను పెట్టేసి, చాప మీద మనిషికి చలేస్తుందేమోనని చూస్తూ నిలబడుతుంది. ఆ ఆదివారం నుంచి, గౌరునాయుడు డ్యూటీకెళ్ళిన ప్రతి ఆదివారమూ ఆ హాల్లోకి చేరుతుంది. ఏ రోజు చూసినా అతనక్కడ పడుకునే ఉంటాడు.

ఆ తర్వాత మిగతావి ఒక్కొక్కటే అక్కడికి చేరతాయి. హిమజని డాన్సు క్లాసు మానిపిస్తారు. ఆ పిల్ల ఏడవదు. "చదువుకుంటానులే అమ్మా," అంటుంది. సాయంత్రం ఇక్కడ హిమజ లెక్కలు చేసుకుంటుంటే, అక్కడ ఏదో గదిలో గజ్జెలు మోగుతాయి. అరకు వెళ్దామనుకుని మానుకున్న వేసవిలో ఆ హాలంతా పొగమంచు నిండిపోతుంది. అద్దాలు తడిసి, రైలు కూత వినిపించి, కాఫీ వాసన కిటికీ సందుల్లోంచి వస్తుంది. నూకరత్నం కొంగుతో అద్దం తుడుస్తుంది. లోపల్నుంచి ఎవరో వేలితో ఒక పువ్వు గీస్తారు.

రెండో బిడ్డ గురించి మొగుడూ పెళ్ళాలు ఏటా మాట్లాడుకుంటారు.

"వడ్డీ రేటు కాస్త దిగనీ," అంటాడు గౌరునాయుడు.

"దిగనీండి," అంటుంది నూకరత్నం.

రేటు దిగదు, ఎక్కుతుంది. సుభాషిణి ఫోను చేసి, భయపడొద్దనీ, వాయిదా ఒక్క రూపాయి కూడా పెరగదనీ, ఏళ్ళు మాత్రమే పెరుగుతాయనీ చెబుతుంది. మర్నాడు మేస్త్రి నిచ్చెన తెచ్చుకుని ఆ ఇంటి మీద మేడ మొదలుపెడతాడు. కింద వెనకగదిలో అదే వారం ఉయ్యాల కడతారు. ఎవరు కట్టారో కనిపించదు.

ఉయ్యాల్లో పిల్ల ఏడుస్తుంది.

ప్లే స్కూల్లో ఎంతమంది ఏడ్చినా నూకరత్నం కంగారుపడదు. ఈ ఏడుపు వినగానే మాత్రం పొయ్యి ఆర్పకుండానే కిటికీ దగ్గరికి పరుగెడుతుంది. ఊచల్లోంచి భుజం దాకా చెయ్యి దూర్చి వెనకగది కిటికీని అందుకుంటుంది. ఉయ్యాల అటు ఊగి ఇటు ఊగి దగ్గరికొస్తుంది. పిల్ల ఆమె చూపుడువేలు పట్టుకుని నోట్లో పెట్టుకుంటుంది. ఆ చిగుళ్ళు గట్టిగా ఉన్నాయి. ఏడుపు ఆగుతుంది.

ఇక రోజూ మధ్యాహ్నం ఆమెకి అదే పని. పెరుగన్నం కలిపి, ఊచల్లోంచి ముద్దలు అందిస్తుంది. పిల్ల పాకుతుంది, నిలబడుతుంది, కిటికీ అంచు పట్టుకుని నడుస్తుంది. ఆడపిల్ల. గౌరునాయుడి చెవులు. నూకరత్నం దాన్ని "పిల్లా" అనే పిలుస్తుంది. ఊచలకి భుజం ఒరుసుకుని కాయకట్టిపోతుంది. గౌరునాయుడు అడిగితే బస్సులో కమ్మీ తగిలిందంటుంది.

గౌరునాయుడు ఒకరోజు స్వీట్లు పట్టుకుని, చాలా ఏళ్ళ తర్వాత నవ్వుకుంటూ ఇంటికొస్తాడు. పి.ఎఫ్.లోంచి డబ్బు తీసుకోవచ్చని పోర్టులో చెప్పారు. "ఒక్కసారే కట్టీద్దాం రత్నం. ఏడేళ్ళు తగ్గిపోతాయట. ఏడేళ్ళంటే ఏటనుకుంటన్నావు? నాకు మోకాళ్ళుండగానే అయిపోద్ది."

ఇద్దరూ మంచి బట్టలు కట్టుకుని బ్యాంకుకి వెళతారు. సుభాషిణి జుట్టు నెరిసింది. చాలా సంతోషిస్తుంది. అందరూ ఇలా తెలుసుకుని ముందే కడితే ఎంత మిగులుతుందో అంటుంది. తర్వాత కలం తీసి, "ఏ గది తీసెయ్యమంటారు?" అని అడుగుతుంది.

"గదేటండీ?" అంటాడు గౌరునాయుడు.

"చాలావరకు కట్టబోయే దాంట్లోంచే లెండి. మేడ మీద రెండూ ఆగిపోతాయి. కింద వెనకగది కూడా, పైన బరువుండదు కాబట్టి, నిలవదు."

నూకరత్నం కుర్చీ అంచుకి జరుగుతుంది. "గదిలో ఉన్నవాళ్ళు?"

"గదితోపాటేనండీ."

"మా ఇంట్లోకి రారా? జాగా ఉంది. హిమజ గదిలో ఇంకో మంచం పడుతుంది."

సుభాషిణి కలం కింద పెడుతుంది. ఆమె మొహంలో నిజంగానే జాలి ఉంది. "వాళ్ళు అప్పుడు వచ్చుండాల్సింది కదండీ," అంటుంది.

నూకరత్నం సంతకం పెట్టనంటుంది. లోను ఇద్దరి పేరు మీదా ఉంది కాబట్టి ఆమె పెట్టకపోతే పని జరగదు. గౌరునాయుడు ఆటోలో అంటాడు.

"బుర్రుందా నీకు? ఏడేళ్ళే! నేను ఎండలో ఆ క్రేను డబ్బాలో కూకుని సచ్చిపోతంటే నీకేటి తెలుస్తాది?"

ఆమె ఇంటికి రాగానే అతని చెయ్యి పట్టుకుని వంటింట్లోకి తీసుకెళ్ళి, కిటికీ ముందు నిలబెడుతుంది. ఈ ఇల్లు కొన్నాక అతను ఆ కిటికీలోంచి చూడటం అదే మొదటిసారి.

అక్కడి హాల్లో చాప మీద గౌరునాయుడు పడుకుని ఉన్నాడు. పిల్ల అతని పొట్ట మీద బోర్లా పడుకుని, పేపరు చివర చింపుకుంటూ ఉంది. అతను నిద్రలోనే దాని వీపు మీద చెయ్యి వేస్తాడు.

ఇక్కడి గౌరునాయుడు ఊచలు పట్టుకుంటాడు.

"ఎంత పొట్టొచ్చిందో సూడు ఆడికి," అంటాడు. నవ్వబోతాడు గానీ నవ్వు రాదు. "ఆ పిల్లెవరు?"

"మనదే."

అతను ఊచకి నుదురు ఆనించుకుని నిలబడిపోతాడు. భుజాలు కదులుతుంటాయి. పిల్ల తల తిప్పి చూస్తుంది. అక్కడున్నవాడూ ఇక్కడున్నవాడూ ఒకడేనని తేలిగ్గా పోల్చుకుని, మళ్ళీ పేపరు చింపడంలో పడుతుంది.

"లేపకు," అంటాడు గౌరునాయుడు. "పడుకోనీ."

పి.ఎఫ్. డబ్బు హిమజ కాలేజీకి పోతుంది. గౌరునాయుడు ఆ నెల నుంచి ఏ ఒక్క ఆదివారమూ ఇంట్లో ఉండడు. ఎవరికి సెలవు కావాలన్నా అతని దగ్గరికే వెళతారు. పండగలు కూడా ఇచ్చేస్తాడు. వీధిలో టపాకాయలు పేలుతుంటే టిఫిన్ డబ్బా పట్టుకుని బస్సెక్కుతాడు. దిగి వచ్చాక, కాళ్ళు కూడా కడుక్కోకుండా, "ఇయ్యాల ఏటి చేసారు?" అని అడుగుతాడు.

"గాలిపటం కట్టారు," అంటుంది నూకరత్నం. లేకపోతే, "మీరు దానికి సైకిలు నేర్పారు," అంటుంది.

"పడిందా?"

"పడింది. మీరే ఎత్తుకున్నారు."

అతను తలూపి, మోకాళ్ళకి మందు రాసుకుంటాడు. తనక్కడ ఆ పని సరిగ్గా చేసినందుకు అతని మొహంలో కాస్త తృప్తి ఉంటుంది.

చివరి వాయిదా వచ్చేసరికి హిమజ హైదరాబాదులో ఉద్యోగంలో ఉంది. నూకరత్నం ప్లే స్కూలు మానేసి చాలా కాలమైంది. సుభాషిణి కుర్చీలో వేరే అబ్బాయి కూర్చుని, కాగితాలు చేతికిచ్చి, కంగ్రాట్స్ ఆంటీ అంటాడు. ఇల్లు మీదే అంటాడు. వీళ్ళు ఇంటికొచ్చి తాళం తీసేసరికి వంటింటి గోడలు, ఆఖరి మూల దాకా, వెచ్చగా ఉన్నాయి.

కిటికీ బయట మనుషులు వచ్చి ఉన్నారు. తలపాగాలు చుట్టుకున్నారు. గాలిలోనే నిలబడి, ఆ ఇంటి కిందకి పెద్ద వాసాలు దూరుస్తున్నారు.

"ఎక్కడికి తీసుకెళతారు?" నూకరత్నం అడుగుతుంది.

"మాకు మొయ్యడమేనమ్మా," అంటాడొకడు. ఒక్కమాటుగా భుజాలకెత్తుకుంటారు. మేడతో సహా ఇల్లు లేస్తుంది. లోపల భోజనాల వేళ. గౌరునాయుడు చారు పోసుకుంటున్నాడు. హిమజ గజ్జెలు విప్పకుండానే కూర్చుంది. వడ్డిస్తున్న ఆవిడ వీపు మాత్రం కనిపిస్తోంది. ఆవిడ భుజాలు రెండూ నున్నగా ఉన్నాయి. ఇల్లు ఊగితే ఒక్క మెతుకైనా జారిపడదు.

పిల్ల కిటికీలోంచి సగం బయటికి వంగుతుంది. ఓణీ వేసుకుంది. అంత ఎదిగిందా అని గౌరునాయుడు ఊచల్లోంచి చేతులు చాస్తాడు. అందదు.

"అమ్మా, ఎల్తన్నాం," అంటుంది పిల్ల. "అక్కడోళ్ళు నా పేరేటని అడిగితే ఏటని చెప్పాలి?"

నూకరత్నం నోరు తెరుస్తుంది. ఎన్నో పేర్లు వస్తాయి. ఒక్కో పేరుకీ ప్లే స్కూల్లో ఒక్కో పిల్ల చెయ్యెత్తి, నేనే టీచర్ అంటుంది. ఖాళీ పేరు ఒక్కటీ దొరకదు.

"చెప్పీ రత్నం," అంటాడు గౌరునాయుడు. "ఏదో ఒకటి చెప్పీ. ఎల్లిపోతంది."

మోసేవాళ్ళు హైవే దాకా వెళ్ళి, లారీలకి దారిచ్చి, మలుపు తిరుగుతారు. పిల్ల ఇంకా చెవి దగ్గర చెయ్యి పెట్టుకుని, జవాబు కోసం ఇటే వంగి ఉంది. తర్వాత మలుపులో లారీలు తప్ప ఏమీ కనిపించవు.

వంటింట్లోకి ఒక్కసారిగా ఎండ పడుతుంది. ఆ వెలుతురులో నూకరత్నం జాకెట్టు ముందంతా తడిగా ఉంది. ఆమెకి చేపు వచ్చింది. ఈ వయసులో, తెల్లటి చిక్కటి పాలు జాకెట్టు దాటి, చీర దాటి, పాదాల మీదుగా నేల మీదికి కారుతున్నాయి. ఆమె రెండు చేతులూ గుండెలకి అడ్డం పెట్టుకుంటుంది. ఆగవు.

గౌరునాయుడు గుడ్డ తెచ్చి, మోకాళ్ళ నొప్పితో మెల్లగా వంగుతాడు. తుడవడానికేమీ లేదు. నేల గుటకలేస్తూ తాగుతోంది. తాగినంత మేరా పలకలు మెత్తబడి, వాటి సందుల్లో పళ్ళు రాని చిన్నచిన్న నోళ్ళు తెరుచుకుంటున్నాయి.