బల్ల కింది చెప్పులు

ఏళ్ల తరబడి హాంబర్గ్ టీవీ స్టూడియోలో వీబ్కె వార్తలు చదువుతోంది. పైన ఇస్త్రీ కోటు, బల్ల చాటున ఇంట్లో తొడుక్కునే ఎర్ర ఉన్ని చెప్పులు. కొత్త డైరెక్టర్ టోర్బెన్ ఆ బల్లే తీయించేశాడు.

"ఇకమీదట నిలబడి చదవాలి మేడమ్. కష్టమైతే చెప్పండి, కుర్రపిల్లలు బోలెడుమంది ఉన్నారు."

వీబ్కెకు ఒళ్లు మండింది. "నా కాళ్ల సంగతి నీకెందుకయ్యా? నీ కెమెరా నువ్వు చూసుకో!"

ఆ సాయంత్రం అవే చెప్పులతో దేశం ముందు నిటారుగా నిలబడి, ఎక్కడా తడబడకుండా వార్తలన్నీ చదివేసింది.

ముగిసీ ముగియగానే టోర్బెన్‌కు వాళ్లమ్మ ఫోన్ చేసింది. "ఒరే, ఇన్నాళ్లకి ఆవిడ మనింటి మనిషిలా కనబడిందిరా! ఆ చెప్పులు ఎక్కడ కొందో కనుక్కో."

టోర్బెన్ నీళ్లు నములుతూ వచ్చి అడిగాడు.

"మీ అమ్మగారి సైజు చెప్పు, నేనే పంపిస్తా," అంది వీబ్కె. "ఆ బల్ల మాత్రం మళ్లీ తేకు."