ఆయన పాడినట్టే

రొయ్యలు ఒలుస్తుంటే వసారాలోంచి మా ఆయన కేకేశాడు. "ఏమే, నిన్నటి పాట చెప్పు. జయరామయ్య గారు వినాలంట."

జయరామయ్య గారు సినిమాలు తీసే మనిషి. మద్రాసు నుంచి మా ఇందుకూరుపేటకు కారులో వచ్చాడు. మా ఆయన రంగనాయకులు ఆయన సినిమాలకు సంగీతం కడతాడు. కడతాడంటే, సాయంత్రం హార్మోనియం పెట్టె ముందు కూర్చుని ఏదో ఒకటి లాగుతాడు, తెల్లారేసరికి మర్చిపోతాడు. గుర్తుపెట్టుకునే పని నాది. "మా ఇంట్లో టేపురికార్డరుండాది, కరెంటక్కర్లేదు, రెండు పూటలా అన్నం పెడితే చాలు" అని వచ్చినవాళ్ళందరికీ చెప్పి నవ్వుతాడు. నేనూ నవ్వేదాన్ని. నవ్వకపోతే మా అత్త మస్తానమ్మ మూతి ముడుస్తుంది మరి.

ఆయనకు బాగా తెలిసీ తెలియనట్టుండే సంగతి ఒకటుంది. సాయంత్రం ఆయన పాడేది వేరు, పొద్దున నేను చెప్పేది వేరు. పిండి రుబ్బుతూ, పొయ్యి ఊదుతూ ఆ కుంటిపాటను నాలో నేనే నడిపిస్తాను. పడిపోయిన చోట లేపుతాను, చరణానికి కొత్త దారి వేస్తాను. అప్పజెబితే "ఆఁ, అదే నేను పాడింది" అంటాడు. నెల్లూరు హాల్లో తెర మీద ఆయన పేరు పడినప్పుడు మా అత్త నా మోచేయి పొడిచి దండం పెట్టుకోమంది. పెట్టుకున్నాను కూడా.

మొన్న అడిగాను, ఈసారి నా పేరు కూడా వేయించమని. "మీ నాయన ఇత్తడి బిందెల మీద కొట్టించినాడు గదా నీ పేరు, చాల్లేదా?" అన్నాడు. మా అత్త పడీపడీ నవ్వింది.

చేతులు కడుక్కుని వసారాలోకి వచ్చాను. నిన్న ఆయన ఎట్లా పాడాడో అట్లాగే పాడాను. ఒక్క స్వరం దిద్దలేదు. పల్లవి ఎక్కలేక కూలబడింది. చరణం గానుగెద్దులా ఉన్నచోటే తిరిగింది. నడుమ ఆయన ముక్కుపొడుం పీల్చిన చోట ఆగి, ఆయన బదులు నేనో తుమ్ము తుమ్మాను.

జయరామయ్య గారి కాఫీ నోటిదాకా వచ్చి ఆగింది. "ఇదేంది రంగనాయకులూ, ఇట్టుండాది?"

మా ఆయన మెడ మీద చెమట తుడుచుకున్నాడు. "అది కాదే. ఎప్పుడూ చెప్పేట్టు చెప్పు."

"మీరు పాడింది ఇదే. ఎప్పుడూ చెప్పేది నాది."

రొయ్యల మీద ఈగలు ముసురుతున్నాయంటూ లోపలికి రమ్మని మా అత్త పిలిచింది. రేపు ఈ ఇంట్లో నాకు కూడు పుడుతుందో లేదో. అయినా కదల్లేదు.

జయరామయ్య గారు ఈసారి నా వైపు తిరిగాడు. "నీదెట్టుంటదో పాడమ్మా."

"ఆదిశేషమ్మ అని తెర మీద వేస్తానంటే పాడతా."

"బాగుంటే వేస్తాలే."

"బాగుందనే గదా, ఐదు సినిమాలకు తీసుకున్నారు."

జయరామయ్య గారు మా ఆయన్ని చూశాడు. మా ఆయన హార్మోనియం మెట్లను చూసుకుంటున్నాడు. జయరామయ్య గారు తలూపాడు, "వేస్తాను" అన్నాడు.

నేను మా ఆయన పక్కకు వెళ్ళాను.

"జరగండి. పెట్టె ముందు నేను కూర్చోవాలి."