ముద్దన్నం చుట్టిన చాప

నేను ఒక వెదురు చాపను. పడుకునే చాప అనుకునేరు, నా మీద పిల్లిపిల్ల కూడా పట్టదు. పెద్దాపురంలో మేదరి వాళ్లు కిటికీ తెరలు అల్లగా మిగిలిన సన్నటి పుల్లలను వరసగా పేర్చి, నూలు దారంతో కట్టి నన్ను చేశారు. తెరగా పుట్టి ఉంటే వీధి చూస్తూ బతికేదాన్ని. మిగులుగా పుట్టాను కాబట్టి వంటింటికి చేరాను.

కాకినాడ భ్రమరాంబ నన్ను బేరమాడి మరీ కొంది. పొయ్యి మీంచి దించిన అన్నం గిన్నెను నా మీద పెట్టేది. ఆవిడ కొలత గ్లాసు ఎరగదు. బియ్యం మీద వేలు ఆనించి, మొదటి కణుపు దాకా నీళ్లు పోసేది. మూత తీస్తే ఏ మెతుక్కామెతుకు విడివిడిగా ఉండేది. ఇంటికొచ్చినవాళ్లు కూరను మెచ్చుకుంటే ఆవిడ చిన్నబుచ్చుకునేది, అన్నాన్ని మెచ్చుకోవాలి. రోజూ నా వీపు కాలినా, ఆ గొప్పలో నాకూ కాస్త వాటా ఉందనుకునేదాన్ని.

ఆ మధ్య ఆవిడకు పక్షవాతం వచ్చింది. మాట, నడక తిరిగొచ్చాయి గానీ కుడిచేతి వేళ్లకు స్పర్శ రాలేదు. వేలు బియ్యానికి ఆనిందో లేదో తెలియదు. ఎడమచెయ్యి బియ్యంలో పెట్టడానికి ఆవిడ ఒప్పుకోదు. నీళ్లు ఎక్కువై అన్నం ముద్దయ్యేది.

కొడుకు శ్రీపతి ప్రేమగానే అన్నాడు. "నువ్వింక వంటింట్లోకి రాకమ్మా. హాయిగా కూర్చో."

మనుషులు ఒకరి చేతిలో పని లాక్కుని దానికి విశ్రాంతి అని పేరు పెడతారు. ఆవిడ వరండాలో చుట్టపుచూపుగా వచ్చిన మనిషిలా కూర్చుంది. ఇంట్లోకి కరెంటు కుక్కర్ వచ్చింది. నేను నూనె డబ్బా వెనక్కి వెళ్లాను.

మొన్నటి ఎండాకాలం చుట్టాలంతా ఉప్పాడ బీచిలో పిక్నిక్ పెట్టుకున్నారు. కోడలు మంజీర, ఈసారి పులిహోర కాదు, సుషీ చేసి తెస్తానని అందరికీ ముందే చెప్పేసింది. అది జపాన్ వాళ్ల వంట. సముద్రపు నాచు రేకు మీద అన్నం పరిచి, మధ్యలో చేపో కూరో పెట్టి, చిన్న చాపతో చుట్టి, ముక్కలు కోస్తారట. ఈ అమ్మాయి లోపల పెట్టింది రొయ్యల వేపుడు, కీరా ముక్కలు, కొత్తావకాయ. చాప కోసం ఇల్లంతా వెతికి నన్ను పట్టుకుంది. ఉప్పునీళ్లతో కడిగి, ప్లాస్టిక్ కవరు తొడిగింది. ఈ వయసులో నాకు సింగారం!

చిక్కంతా అన్నం దగ్గర వచ్చింది. అత్తగారు నేర్పినట్టే పొడిపొడిగా వండి, పళ్లెంలో ఆరబోసి, నూనె చిలకరించింది. పులిహోరకైతే వంక పెట్టలేం. సుషీకి మాత్రం, నేనెంత గట్టిగా నొక్కినా, కత్తి పడగానే మెతుకులు తలో దిక్కూ పారిపోయాయి. మళ్లీ చుట్టింది, మళ్లీ విడిపోయింది. మంజీర కళ్లలో నీళ్లు తిరిగాయి.

గుమ్మంలోంచి భ్రమరాంబ చూస్తోంది. "నా అన్నమైతే అతుక్కునేది," అంది, తనను తనే వెక్కిరించుకుంటున్నట్టు.

మంజీర గబుక్కున తలెత్తింది. "వండి పెట్టరా, అత్తయ్యగారూ?"

"ముద్దన్నం కావాల్సొస్తే గుర్తొచ్చానేంటే?"

ఆ మాటకు నా పుల్లలు కూడా బిగుసుకున్నాయి. మంజీర కప్పిపుచ్చలేదు. "అవునండీ. నాకు చేతకావట్లేదు."

భ్రమరాంబ కొంగు బొడ్లో దోపుకుని లోపలికొచ్చింది. బియ్యంలో వేలు పెట్టి, అంచనాగా నీళ్లు పోసింది. గ్లాసుతో కొలవమని మంజీర అనలేదు. అందుకే ఆ పిల్లంటే నాకిష్టం.

అన్నం ముద్దగానే దిగింది. నిమ్మరసం కలిపి, నా మీద పరిచి చుట్టారు. కత్తి పడినా ఒక్క మెతుకు కదల్లేదు.

ఉప్పాడ ఇసుకలో, భ్రమరాంబ ఆడపడుచు కమలిని ఒక ముక్క నోట్లో వేసుకుని కళ్లు మూసుకుంది. "రొయ్యల సంగతి సరే, ఈ అన్నం ఎవరు వండారే?"

"అత్తయ్యగారండీ," అంది మంజీర.

"కాస్త ముద్దయింది," అని భ్రమరాంబ మొహం సముద్రం వైపు తిప్పుకుంది. సుషీతో పాటు నన్నూ సర్దిన బుట్టలోంచి నాకు ఆవిడ చెంప మాత్రం కనిపించింది. తడిగా ఉంది.

మర్నాడు పొద్దున్న ఎవరూ పిలవకుండానే వంటింట్లోకి వచ్చింది. కుక్కర్ని పక్కకు జరిపి, పాత గిన్నెను పొయ్యెక్కించింది. అన్నం ఎలా వచ్చిందంటారా? ముద్దగానే. శ్రీపతి ఏదో అనబోయి, మంజీర చూపు చూసి, పప్పు కలుపుకున్నాడు.

ప్లాస్టిక్ కవరు ఊడదీసి ఆవిడ నా మీద దించిన గిన్నె కింద నా వీపు చురుక్కుమంది. ఎన్నాళ్లయిందో! ఎంత హాయిగా ఉందో!