పార్టిజాన్ల వీధి, పదిహేడో నంబరు

డబ్బాను ఎడమ చేత్తో పడుకోబెట్టడం, కుడి బొటనవేలి గోటితో కాగితం మీంచి లేబుల్ లేపడం, డబ్బా వెనకవైపు అడుగు నుంచి రెండు వేళ్ల ఎత్తున అంటించడం, అరచేత్తో ఒకసారి నిమిరి పక్కన పెట్టడం. గ్రోజ్దానా ఈ పని రోజుకు పన్నెండు వందల సార్లు చేసేది. డబ్బా ముందువైపు జుట్టు గాలికి ఎగురుతున్న అమ్మాయి బొమ్మ ఉండేది. ఆ అమ్మాయి ఏ దేశపుదో, ఏ భాషలో మాట్లాడుతోందో గ్రోజ్దానాకు అనవసరం. ఆమె అంటించే చీటీ మీద మాత్రం అంతా తన దేశపు భాషే. ఇది జుట్టుకు కొట్టుకునే స్ప్రే, నిప్పుకు దూరంగా ఉంచండి, దిగుమతి చేసినవారు ఫలానా, వారి చిరునామా ఫలానా. ఆ చీటీ లేకపోతే ఎంత గొప్ప దేశపు డబ్బా అయినా దుకాణం గుమ్మం ఎక్కడానికి లేదు.

బల్లకు అవతలి వైపు స్లావ్కాది అదే పని. కాకపోతే ఆమె చేతులతో పాటు నోరు కూడా ఆడుతుండేది.

"ఈ ఇటలీవాడికి సిగ్గు లేదే గ్రోజ్దా. డబ్బా పెంచాడు, లోపల సరుకు పెంచలేదు. కదిపి చూడు, మా అత్తగారు పోసే సూపులాగ పలపలమంటోంది."

"ఆవిడ పోయి పాతికేళ్లయింది. ఇంకా వదలవా?"

"సూపు గుర్తుంది మరి."

సెప్టెంబరు చివరి శుక్రవారం అది. లెస్కోవాట్స్ ఊరంతా ఇళ్ల ముందు పొయ్యిలు పెట్టి ఎర్ర మిరపకాయలు కాలుస్తున్నారు. కిటికీ రెక్క కాస్త తెరిచి ఉంచినా ఆ పొగ వాసన షెడ్డులోకి వచ్చి, స్ప్రేల పూలవాసనతో కలిసి ముక్కుకు తెలియని ఒక మూడో వాసన అయ్యేది. ఇద్దరూ దానికి అలవాటు పడి ముప్పై ఎనిమిదేళ్లయింది.

ఎందుకంటే ఈ షెడ్డు మొదట గోదాము కాదు, ఫ్యాక్టరీ. ఇరవయ్యేళ్ల పిల్లగా గ్రోజ్దానా ఇందులో చేరిననాడు ఇక్కడే డబ్బాలు నింపేవారు, ఇక్కడి నుంచే లారీలు ల్యుబ్ల్యానాకు, సరయేవోకు, స్కోప్యేకు వెళ్లేవి; అప్పట్లో అవన్నీ ఒకే దేశపు ఊళ్లు. దేశంలో సగంమంది పెళ్లికూతుళ్ల జుట్టు తన చేతిమీదుగా నిలబడిందని ఆమె చెప్పుకునేది, కొంచెం గొప్పకే. తరవాత ఆ ఊళ్లు ఒక్కొక్కటే వేరే దేశాల్లోకి పోయాయి. లారీలు వెళ్లడం మానేశాయి, యంత్రాలను పాత ఇనుముకు అమ్మేశారు. కొన్నేళ్లపాటు టర్కీ నుంచి బస్సుల్లో సూట్‌కేసులతో వచ్చిన సరుకే ఊరికి దిక్కు. ఆపైన ఇప్పటి యజమాని బోయాన్ నాన్న ఈ షెడ్డు అద్దెకు తీసుకుని ఇటలీ సరుకు దింపాడు. కొన్నాళ్లు జర్మనీది వచ్చింది, తరవాత పోలండ్‌ది వచ్చింది. ఇప్పుడు మళ్లీ టర్కీయే, కానీ సూట్‌కేసుల్లో కాదు, ఇరవై నాలుగు టన్నుల లారీల్లో. వేరే చోట నింపిన డబ్బాలకు చీటీలంటించడానికి పాత ఫ్యాక్టరీ మనుషుల్లోంచి ఇద్దర్ని పిలిచారు. ఆ ఇద్దరు వీళ్లు.

ఇప్పుడు ఆ ఇద్దరిలో ఒకరు చాలు.

సంగతేమిటంటే, టర్కీ వాళ్లు పెద్ద బేరం వస్తే ఏ భాష కావాలంటే ఆ భాషను డబ్బా మీదే అచ్చు వేసి పంపుతారు. ఇక చీటీ ఎందుకు, అంటించే మనిషి ఎందుకు? మిగిలిన ఇటలీ సరుకుకు ఒక్కరు సరిపోతారు. కుర్ర యజమాని బోయాన్ మంచివాడే. మంచివాళ్లకుండే పిరికితనం అతనికీ ఉంది. వారం కిందట వచ్చి బల్ల అంచు గీరుతూ, "మీరిద్దరూ నాకు అత్తల్లాంటివాళ్లు. ఎవరిని పొమ్మంటాను? మీలో మీరే తేల్చుకుని శుక్రవారం మధ్యాహ్నానికి చెప్పండి. చెప్పకపోతే నేనే ఏదో ఒకటి చెయ్యాలి" అని తప్పుకున్నాడు. గ్రోజ్దానాకు పింఛనుకు ఇంకా పద్నాలుగు నెలలు, స్లావ్కాకు రెండున్నరేళ్లు. గ్రోజ్దానా మొగుడు తిహోమీర్ ఊపిరితిత్తులు పాడై మంచం పట్టాడు. స్లావ్కా మొగుడు ఎప్పుడో పోయాడు. ఎవరి కష్టం ఎక్కువో తూచడానికి తక్కెడ ఎక్కడుంది? ఆరు రోజులుగా ఇద్దరూ మిరపకాయల గురించి, మోకాళ్ల గురించి, లోకంలో ఉన్నవన్నీ మాట్లాడుకున్నారు. ఆ ఒక్కటి తప్ప.

ఎనిమిదిన్నరకు టర్కీ లారీ వచ్చింది. మొదటి పెట్టె విప్పి బోయాన్ ఒక డబ్బా తెచ్చి గ్రోజ్దానా చేతిలో పెట్టాడు.

"చూశావా అత్తా, నీ రాత ఎంత అందంగా అచ్చయిందో."

అది నిజంగా ఆమె రాతే. ఏప్రిల్‌లో బోయాన్ అడిగాడు: టర్కీకి పంపాలి, చీటీ మీది మాటలు ఒక కాగితం మీద పొందిగ్గా రాసివ్వు, నీకు కంఠతా వచ్చు కదా అని. ఫ్యాక్టరీ రోజుల నుంచీ గుండ్రటి చేతిరాతకు ఆమెకు పేరుంది. తనను అడిగినందుకు పొంగిపోయి, ఇంటికి తీసుకెళ్లి, వంటింటి బల్ల తుడిచి, దస్తావేజు రాసినంత శ్రద్ధగా రాసింది. తన నోట్లో తానే మట్టి కొట్టుకుంటున్నానని ఆ రాత్రి ఆమెకు తట్టలేదు.

ఇప్పుడు డబ్బాను వెలుతురుకు పట్టి చదివింది. నిప్పుకు దూరంగా ఉంచండి, బాగుంది. పిల్లలకు అందనివ్వకండి, బాగుంది. దిగుమతి చేసినవారు, పేరు, చిరునామా. పార్టిజాన్ల వీధి, పదిహేడో నంబరు.

ఆ లైను మీద వేలు పెట్టి మళ్లీ చదివింది.

పార్టిజాన్ల వీధి అనేది లేదు. పన్నెండేళ్ల కిందట మునిసిపాలిటీవాళ్లు కమ్యూనిస్టుల కాలం నాటి ఆ బోర్డు పీకి, ఒక క్రైస్తవ సాధువు పేరిట స్వేతి నికోలా వీధి అని కొత్తది కొట్టారు. రిజిస్టరులో అదే, రోజూ ఆమె అంటించే చీటీలో అదే. అయితే ఆ ఊళ్లో ఎవరు ఆ పేరు పలికారు గనక? టాక్సీవాడు పార్టిజాన్ల వీధే అంటాడు, పోస్టుమాన్ కూడా అదే అంటాడు, చర్చి ఫాదరు కూడా నోరు జారి అదే అంటాడు. కంఠతా రాయమన్నారు, కంఠంలో ఉన్నది రాసింది. ఏటా వచ్చే తనిఖీవాడు లేని వీధి పేరు చూస్తే సరుకు మొత్తం అరల్లోంచి దింపించేస్తాడు. దింపించకుండా ఉండాలంటే దారి ఒక్కటే. ప్రతి డబ్బా మీదా, ఆ తప్పు మీద, సరైన చీటీ అంటించాలి. అచ్చయినవి లక్షా యాభై వేలు. చలికాలమంతా వస్తూనే ఉంటాయి. ఇటలీ సరుకుతో కలిపి ఇద్దరు కూర్చుంటే వసంతం దాకా పని.

ఇద్దరికీ పని. ఆ మాట నోటి దాకా వచ్చింది. దాని వెనకే ఇంకో మాట వచ్చింది: ఈ నష్టం చేసిందెవరని అడుగుతాడు. ఒకరిని పంపించాల్సిన రోజున, తప్పు చేసినదాన్ని కాక ఇంకెవరిని పంపిస్తాడు? ఆక్సిజన్ గొట్టంతో కిటికీ పక్క మంచంలో ఉన్న తిహోమీర్ కళ్ల ముందు మెదిలాడు. నోరు మూసుకుంది.

తొమ్మిదిన్నరకు బురెక్ అనే పొరల రొట్టె, పెరుగు తెచ్చుకుని బల్ల మూల కూర్చున్నారు. స్లావ్కా నూనె వేళ్లు తుడుచుకుని, కళ్లజోడు పెట్టుకుని, కొత్త డబ్బా ఒకటి తిప్పి తిప్పి చూసింది.

"ఏముందే అందులో అంత చదవడానికి?" అంది గ్రోజ్దానా.

"ఏముంది, నువ్వు రాసిందేగా. నీ చదువంతా డబ్బాలకెక్కింది. నా చదువు ఎక్కడా ఎక్కలేదు." కళ్లజోడు మడిచి జేబులో పెట్టుకుంది. "బురెక్ తిను. చల్లారితే చెప్పు అట్టలాగ ఉంటుంది."

ఆ తరవాత స్లావ్కా మాట్లాడటం తగ్గించింది. గ్రోజ్దానా అది గమనించలేదు, తన లోపల రొదే తనకు సరిపోయింది. చెప్పేస్తాను అనుకుని ఒకసారి లేచి, నీళ్లు తాగి కూర్చుంది. ఇంకోసారి లేచి బోయాన్ గది తలుపు దాకా వెళ్లి, లోపల అతను ఫోన్లో నవ్వుతుంటే, నవ్వేవాడి దగ్గరికి ఏ మొహంతో వెళ్లనని వెనక్కి వచ్చింది. ఈ పనిలో చేరిన నాటి నుంచీ ఆమె అంటించిన చీటీ ఒక్కటి వంకరపోలేదు. ఆ రోజు మూడు వంకరపోయాయి.

పదకొండింటికి స్లావ్కా లేచి వెళ్లింది. పావుగంటకు తిరిగి వచ్చి, కుర్చీలో కూర్చోకుండా దాని వీపు పట్టుకుని నిలబడింది.

"చెప్పేశానే. నేను వెళ్తున్నాను. సంతకం కూడా పెట్టాను."

"ఎక్కడికి?"

"ల్యుబ్ల్యానాలో ఒక ముసలావిడ ఉంది. మా పిన్ని కూతురు మూడు వారాలుగా ప్రాణం తీస్తోంది, ఆవిడను చూసుకోవడానికి రమ్మని. ఇందాక ఫోన్ చేసి సరేనన్నాను. రేపు పొద్దున బస్సు."

"నీకు ఇష్టమేనా?"

"ఇష్టమేమిటే, నా మొహం. ఆవిడ పళ్లు నేను తోమాలి, నా పళ్లు ఎవరు తోముతారు?" అని నవ్వింది. "మన డబ్బాలు ఆ ఊరు ఎన్ని వేలు వెళ్లాయి. నేనూ వెళ్తే పోయె."

గ్రోజ్దానాకు ముందు హాయిగా అనిపించింది. గుండె మీంచి బండ దించినట్టు, ఒళ్లంతా తేలికగా అనిపించింది. ఆ హాయిని ఆమె తరవాత ఎప్పటికీ తనకు తాను క్షమించుకోలేదు. ఆ క్షణంలో ఒక్క మాట చాలు: ఆగవే, నేనొక తప్పు చేశాను, మనిద్దరికీ పని ఉంది. ఆ మాట అనకుండా, "స్వెట్టర్లు పెట్టుకో, అక్కడ చలి ఎక్కువట" అంది.

రెండింటికి స్లావ్కా కోటు తొడుక్కుంది. వాళ్ల పద్ధతి ప్రకారం బుగ్గల మీద మూడుసార్లు ముద్దు పెట్టుకున్నారు. మూడోసారి స్లావ్కా కాసేపు చెంప తియ్యలేదు.

"తిహోమీర్‌కి నా తరఫున చెప్పు, తొందరపడి చావద్దని," అంది. గేటు దగ్గర వెనక్కి తిరగలేదు. ఆమె నడక ఎప్పుడూ కాస్త కుడివైపు ఒరుగుతుంది, ఆ రోజూ అలాగే ఒరుగుతూ మిరపకాయల పొగలో మలుపు తిరిగింది.

అరగంట కూడా గ్రోజ్దానా కూర్చోలేకపోయింది. లేచి, తలుపు తట్టకుండానే బోయాన్ గదిలోకి వెళ్లి, డబ్బా బల్ల మీద పెట్టి, వేలు చిరునామా మీద ఆనించింది. "నేనే రాశాను. పొద్దున్నే చూశాను. భయమేసి చెప్పలేదు."

బోయాన్ చదివాడు. తల పట్టుకున్నాడు. ఆమె తిట్లకు సిద్ధపడి నిలబడింది. అతను తిట్టలేదు.

"టర్కీకి పంపేముందు నేనూ చదివాను కదా అత్తా. నాకూ కనబడలేదు. మా నాన్న ఇప్పటికీ నన్ను పార్టిజాన్ల వీధి వెళ్లావా అనే అడుగుతాడు." డబ్బాను దూరంగా నెట్టాడు. "ఇన్నిటికి చీటీలు అంటించాలంటే నాకు ఇద్దరూ కావాలి. పొద్దున చెప్పి ఉంటే ఇద్దర్నీ ఉంచేసేవాణ్ణి. పొద్దున ఎందుకు చెప్పలేదు?"

అతనే ఫోన్ తీసి స్లావ్కాకు చేశాడు. రెండు నిమిషాలు విని, కింద పెట్టాడు.

"మాటిచ్చేశాను బాబూ అంటోంది. ముసలావిడ కొడుకు టికెట్టు కూడా కొనేశాడట."

గ్రోజ్దానా బల్ల దగ్గరికి తిరిగి వచ్చింది. చిన్న తప్పుకు బెదిరి ఎంత పెద్ద తప్పు చేశానో అని అప్పుడు పైకే అనుకుంది, వినేవాళ్లు ఎవరూ లేరు. అవతలి వైపు సర్దుదామని వెళ్లింది. స్లావ్కా కాగితాలు, తుడుపుగుడ్డ అన్నీ ముందే సర్ది పెట్టింది. కుర్చీకి ఎదురుగా, బల్ల మీద ఒక్క టర్కీ డబ్బా మాత్రం ఉంది, వెనకవైపు కుర్చీకేసి తిప్పి.

దాని మీద ఇటలీ సరుకు కోసం అచ్చు వేయించిన చీటీ ఒకటి అంటించి ఉంది. ఎప్పుడూ అంటించే చోట కాదు, సరిగ్గా చిరునామా మీద. గ్రోజ్దానా దాని మూల గోటితో లేపబోయింది. అంటించిన గంటలోపల ఈ జిగురు సులువుగా లేస్తుంది, నాలుగైదు గంటలు గడిస్తే గోరు విరగాల్సిందే. మూల లేవలేదు. బురెక్ తిన్న తరవాత, పదకొండింటికి లేచి వెళ్లే లోపల అంటించింది అది. అంతా చూసే, తప్పు బయటపడి గ్రోజ్దానాను పంపెయ్యకముందే తానే తప్పుకుని, ఒక్క మాట అనకుండా వెళ్లింది.

గ్రోజ్దానా డబ్బాను రెండు చేతులతో పట్టుకుని స్లావ్కా కుర్చీలో కూర్చుంది. చీటీ ఒక్క వెంట్రుకవాసి వంకర లేదు, కింద ఒక్క గాలిబుడగ లేదు, స్వేతి నికోలా వీధి, పదిహేడో నంబరు అని దాని మీద నల్లటి అక్షరాలతో ఉంది.