తిత్తి బూజు

రాజగోపాలయ్య మాస్టరుకు ముప్పై ఏళ్ళ సర్వీసు తర్వాత ఒక్కటే కోరిక మిగిలింది. తాను పుట్టించిన ఒక్క తెలుగు మాటైనా అచ్చుపుస్తకంలోకి ఎక్కాలి, ఆ పుస్తకం మొదట్లో పదకర్తల జాబితాలో తన పేరు కనబడాలి. వచ్చే ఏడాది రిటైరవుతాడు. బళ్ళారి బ్రూస్‌పేటలో అన్నదమ్ములంతా బట్టల వ్యాపారంలో స్థిరపడి మేడలు లేపుకుంటుంటే, తాను మాత్రం సైన్సు అంటూ సుద్దముక్క పట్టుకున్నాడు. ఆ సుద్దపొడి తప్ప ఇంకేమీ మిగుల్చుకోలేదనే మాట పెళ్ళిళ్ళలో, తద్దినాల్లో వింటూనే ఉన్నాడు. పుస్తకంలో పేరు పడితే ఆ నోళ్ళన్నీ మూతపడతాయి.

అది పంతొమ్మిది వందల అరవై. బళ్ళారి జిల్లా మైసూరు రాష్ట్రంలో కలిసి ఏడేళ్ళయింది. ఊళ్ళో తెలుగు మీడియం పిల్లలకు సైన్సు పుస్తకాలు సరిహద్దు అవతలి నుంచే రావాలి. అక్కడ అనంతపురంలో కొందరు మాస్టర్లు పదకోశ సంఘం ఒకటి పెట్టి, ఇంగ్లీషు శాస్త్రపదాలకు తెలుగు మాటలు పోగుచేస్తున్నారు. ఏ ఇంగ్లీషు మాటకైనా జిల్లాకు ఒకే తెలుగు మాట. దాన్ని ఏరి, కాదన్న కార్డులకు కారణం రాసి జతచేసి పంపే అధికారం జిల్లా శాఖ అధ్యక్షుడిది. బళ్ళారి శాఖకు అధ్యక్షుడు రాజగోపాలయ్యే.

ఆ శాఖకు ఒక పద్ధతి పెట్టింది కూడా ఆయనే. ప్రతి మాటకూ ఒక అట్టకార్డు. ముందువైపు ఇంగ్లీషు మాట, తెలుగు మాట. వెనకవైపు ఆ మాట ఎవరు పుట్టించారు, ఎలా పుట్టింది, వాక్యంలో ఎలా వాడాలి. "కార్డు తిప్పి చూడకుండా సంతకం పెట్టేవాడు మాస్టరు కాదప్పా, పోస్టాఫీసు ముద్ర" అని మొదటి సమావేశంలోనే చెప్పాడు. అందరూ నవ్వారు, అందరూ ఒప్పుకున్నారు.

ఇప్పటిదాకా ఆయన సొంత మాటలు నలభై అనంతపురం పోయాయి. నలభయ్యీ తిరిగొచ్చాయి. ఒకటి పలకడానికి కష్టమన్నారు, ఒకటి ఇంకో జిల్లా మాట ముందు తేలిపోయిందన్నారు. ఇంకా పంపనిది ఒక్కటే, ఆస్కోమైసిటీస్‌ అనే బూజుల జాతికి ఆయన కట్టిన మాట: కోశశిలీంధ్రాలు. రాసుకుని చూసుకుంటే ముచ్చటగా ఉంది. నాలుగుసార్లు పైకి చదువుకున్నాడు. ఇది పోదులే అనుకున్నాడు.

సరిగ్గా అప్పుడే అదే ఇంగ్లీషు మాటకు ఇంకో కార్డు వచ్చి ఆయన బల్ల మీద పడింది. పేరు చూడనక్కర లేదు, ఆ గుండ్రటి దస్తూరి ఆయనకు బాగా తెలుసు. అది వెంకటరామిది.

వెంకటరామిది హచ్చొళ్ళి అనే పల్లె. రైతుబిడ్డ. కాలువ నీళ్ళు వచ్చాక ఏడాదికి రెండు కార్లు వరి పండించే కుటుంబం. బళ్ళారిలో బంధువుల ఇంట్లో ఉండి ఈ బడిలోనే, ఈ రాజగోపాలయ్య దగ్గరే సైన్సు నేర్చుకున్నాడు. తర్వాత బి.ఎస్సి. ప్యాసై, రెండేళ్ళ కిందట అదే బడికి మాస్టరుగా వచ్చాడు. శిష్యుడు తన పక్క కుర్చీలో కూర్చుంటే ఏ గురువైనా పొంగిపోవాలి. రాజగోపాలయ్య కూడా మొదటి వారం పొంగాడు. రెండో వారం హెడ్మాస్టరు "బి.ఎస్సి. కదా, పై తరగతులు ఆయనకిద్దాం" అన్నాడు. అక్కడ మొదలైంది మంట.

పై తరగతులు పోయాక పిల్లలూ పోయారు. ఇంటర్వెల్లో ఒకప్పుడు తన చుట్టూ మూగే పిల్లలు ఇప్పుడు వెంకటరామి చుట్టూ మూగుతున్నారు. ఒకడు చచ్చిన తొండను తెస్తాడు, ఒకడు ఏదో ఆకు తెస్తాడు. బడికి ఉన్న ఒకే ఒక్క మైక్రోస్కోపు రాజగోపాలయ్య బీరువాలో ఉండేది. వెంకటరామి అడిగినప్పుడల్లా "గాజుపలకలు పగులుతాయప్పా, ఇంకొకరోజు చూద్దాం" అనేవాడు. ఆ ఇంకొకరోజు రెండేళ్ళుగా రాలేదు. తాళంచెవి మాత్రం జంధ్యానికే కట్టుకుని తిరిగేవాడు.

ఆ కార్డు వచ్చిన రోజే వరండాలో నడుస్తూ వెంకటరామి తరగతి దగ్గర ఆగాడు. కిటికీ పక్కన నిలబడి వినడం తన వయసుకు తగదని తెలుసు. అయినా ఆగాడు.

"ఆస్కస్ అంటే గ్రీకు భాషలో తోలు తిత్తిరా" అంటున్నాడు వెంకటరామి. "మైసిటీస్ అంటే బూజులు, కుక్కగొడుగులు, ఆ జాతంతా. ఈ రెండూ కలిపితే ఏమయితాది? తిత్తిలో గింజలు పెట్టుకునే బూజు. రొట్టె మీద పచ్చగా పడతాదే, అది ఈ జాతే. కల్లు పొంగించేదీ ఈ జాతే. మీ చేన్లో శనక్కాయ ఆకుల మీద టిక్కా మచ్చలు ఉంటాయి గదా, అదీ దీని చుట్టమే."

"కల్లు కూడానా సార్" అని ఎవడో వెనక బెంచీ నుంచి అడిగాడు. తరగతి గొల్లుమంది.

"కల్లు కూడానే. మీ తాతనడుగు, పొంగు సంగతి చెప్తాడు." వెంకటరామి చేతిలో ఒక చిన్న తోలు తిత్తి ఉంది. దాన్ని చెవి దగ్గర గలగలమని ఊపి, మూతి విప్పి బల్ల మీద బోర్లించాడు. చింతపిక్కలు దొర్లాయి. పిల్లలు పైకే లెక్కపెట్టారు. "ఎనిమిది. మామూలుగా ఒక్కో తిత్తిలో ఎనిమిదే ఉంటాయి. ఇంత కంటే ఏమీ ల్యా."

ఎక్కడో చూసిన ఆటలా తోచింది రాజగోపాలయ్యకు. కానీ ఆ ఆలోచన నిలవలేదు. పిల్లల నవ్వులు చెవుల్లో సీసం పోసినట్టు ఉన్నాయి. తన క్లాసులో 'శిలీంధ్రం' అని బోర్డు మీద రాస్తే ఒక్కడూ తప్పు లేకుండా దించుకోలేదు. వీడు చింతపిక్కలు దొర్లిస్తే ముప్పైమంది పాఠం అప్పజెబుతున్నారు. ఇది పాఠమా, పీర్ల పండగ తమాషానా అనుకున్నాడు. పళ్ళు కొరుక్కుంటూ తన గదికి వెళ్ళాడు.

ఇంటికి పోతే అక్కడా అదే పేరు. భార్య పద్మావతమ్మ చేటలో బియ్యం పోసుకుని రాళ్ళు ఏరుతోంది.

"వెంకటరామి వచ్చి పోయినాడు. హచ్చొళ్ళి కొత్తబియ్యం తెచ్చిచ్చినాడు, చూడండి, మల్లెమొగ్గల మాదిరి ఉండాయి" అంది.

"మనకు బియ్యానికి గతి లేదని చెప్పినావా ఏంది?"

"అట్లెందుకంటారు? చదువు చెప్పిన సారని తెచ్చినాడు. ఆ కార్డు అనంతపురం పంపించినారా అని కూడా అడిగినాడు. రెండుసార్లు అడిగినాడు."

"అడుగుతాడు. వాని మాట పుస్తకంలో పడాలని వానికి తొందర." ఆ పూట కొత్తబియ్యం అన్నం వడ్డిస్తే, కడుపులో మంటగా ఉందని మజ్జిగ తాగి లేచాడు. మంట నిజమే. పద్మావతమ్మ పాపం సోంపు నీళ్ళు కాచింది.

మరునాడు శనివారం, ఒంటిపూట బడి. పిల్లలు వెళ్ళిపోయాక రాజగోపాలయ్య తన గదిలో రెండు కార్డులూ పక్కపక్కన పెట్టుకున్నాడు. ఒకదాని మీద కోశశిలీంధ్రాలు. రెండోదాని మీద తిత్తి బూజులు. ఈ రెండింట్లో ఎంపిక కావలసింది ఒకటే. తీర్పరి తానే, పోటీదారుడూ తానే. ఇంకెవరైనా అయితే కార్డులు పక్కకు నెట్టి, ఇంకొకరిని చూడమనేవారు. ఆయనకూ ఆ ఆలోచన వచ్చింది, రాలేదని చెప్పడం అబద్ధం. వచ్చినదాన్ని రానట్టే తోసేశాడు.

కలం తీసి వెంకటరామి కార్డు మీద ఎర్రసిరాతో రాశాడు: "తగదు. తోలు వాసన కొట్టే మొరటు మాట. పాఠ్యపుస్తకానికి పనికిరాదు. ఈ మాట కట్టినవానికి శాస్త్ర మర్యాద తెలియదు." కింద పూర్తి సంతకం, తేదీ. రాస్తున్నంతసేపూ ఒంట్లో చల్లగా, హాయిగా ఉంది. రెండేళ్ళలో అంత హాయి ఎరుగడు. కార్డు తిప్పలేదు. వెనక ఏముంటుంది, బి.ఎస్సి. గొప్పలు తప్ప అనుకున్నాడు. ఏళ్ళ తరబడి కొన్ని వందల కార్డులు తిప్పి చూసిన చెయ్యి ఆ ఒక్కదాన్ని తిప్పకుండా, తన కార్డుతోపాటు కవరులో పెట్టింది. ప్యూను హులిగెప్పను పిలిచి, అప్పుడే పోస్టులో వేసి రమ్మన్నాడు.

తర్వాత రెండు నెలలు మంచి మనిషి అయిపోయాడు. వెంకటరామిని పలకరించాడు. ఒకసారి మైక్రోస్కోపు కూడా తీసిచ్చాడు, పక్కనే నిలబడి ఉండి అరగంటలో మళ్ళీ పెట్టేసుకున్నాడనుకోండి. వెంకటరామి మొహం వెలిగిపోయింది.

"కార్డు సంగతి ఏమన్నా తెలిసిందా సార్?" అన్నాడు.

"రావాలప్పా. ఊరికే తొందరపడితే ఎట్ల?"

"తొందర కాదు సార్. ఈ ఒక్క మాట పడితే సాలు, నాకింకేమీ వద్దు."

ఎంత ఆశో చూడు అనుకున్నాడు రాజగోపాలయ్య. పాపమని కూడా అనిపించింది. గెలిచినవాడికి ఓడినవాడి మీద కలిగే పాపం అది.

శ్రావణంలో జవాబు వచ్చింది. బళ్ళో స్టాఫ్‌రూములో ఒక్కడే ఉన్నప్పుడు కవరు చింపాడు. సంఘం కార్యదర్శి మర్యాదగా రాశాడు. కోశమనే మాట ఇదివరకే కణానికి ఖాయమైపోయింది కనుక కోశశిలీంధ్రాలను తీసుకోలేకపోతున్నామని విచారం వెలిబుచ్చాడు. ఆ తర్వాత ఇంకో పేరా ఉంది.

"మీరు కవరులో జతపరచిన రెండో కార్డులోని మాట మా సభ్యులందరికీ నచ్చింది. గ్రీకు అర్థానికి అతికినట్టుంది, పిల్లల నోటికి తేలిక. దాన్నే తీసుకుందామని నిశ్చయించే సమయంలో కార్డు వెనకవైపు చూశాము. మాట కట్టినవారే స్వయంగా దాన్ని తగదని తిరస్కరించి సంతకం చేసిన తర్వాత మేము కాదనడం పద్ధతి కాదు. వారి నిస్వార్థానికి ఆశ్చర్యపోయాము. కనుక ఇంగ్లీషు పేరునే తెలుగు అక్షరాల్లో అచ్చు వేస్తున్నాము. పుస్తకం ప్రెస్సుకు పోయింది. కార్డు తిప్పి పంపుతున్నాము."

రాజగోపాలయ్యకు ఒక్క ముక్క అర్థం కాలేదు. కవరులోంచి కార్డు లాగాడు. ముందువైపు తన ఎర్రసిరా. తిప్పాడు.

"ఈ మాట నాది కాదు," అని ఉంది ఆ గుండ్రటి దస్తూరిలో. "1948లో నేను నాలుగో ఫారం చదివేటప్పుడు మా సైన్సు మాస్టరు శ్రీ రాజగోపాలయ్యగారు కట్టిన మాట. అప్పుడు బడిలో మైక్రోస్కోపు లేదు. మాకు ఆస్కస్ ఎట్లుంటుందో చూపించాలని ఆయన బండ్రి అనే ఊరు పోయి, గొర్రెలకాపరి దగ్గర నీళ్ళ తిత్తి అడిగి తెచ్చారు. దాంట్లో ఎనిమిది చింతపిక్కలు వేసి, 'తిత్తి బూజు అంటే ఇంతేరా' అన్నారు. తోలు ముట్టుకున్నందుకు ఆ రోజు ఇంట్లోవాళ్ళు ఆయనను వాకిట్లోనే తలకు పోసుకోమన్నారని తర్వాత తెలిసింది. ఆ పాఠం వల్లనే నేను సైన్సు చదివాను. వాడుక: రొట్టె మీది పచ్చబూజు తిత్తి బూజుల జాతిది. పదకర్త: శ్రీ రాజగోపాలయ్యగారు. రాసి పంపినది మాత్రం వెంకటరామి."

అప్పుడు గుర్తుకొచ్చింది. తిత్తి మూతికి కట్టిన మేకవెంట్రుకల తాడు గుర్తుకొచ్చింది. తల్లి వాకిట్లో చెంబు పట్టుకుని నిలబడి తిట్టిన తిట్లు గుర్తుకొచ్చాయి. ముందు బెంచీలో కూర్చుని చింతపిక్కలు లెక్కపెట్టిన బక్కపిల్లాడు కూడా గుర్తుకొచ్చాడు. ఆ రోజు తరగతిలో నిలబడి తిత్తి ఊపిన మాస్టరు మీద రాజగోపాలయ్యకు ఒళ్ళంతా అసూయ పుట్టింది. వెంకటరామి మీద ఎన్నడూ అంత పుట్టలేదు.

వెంకటరామి లోపలికి వచ్చాడు. చేతిలో తిత్తి ఉంది, తర్వాతి పీరియడు పాఠానికి. బల్ల మీద కవరు చూశాడు.

"అనంతపురం నుంచా సార్? ఏమన్యారు?"

"పడలేదప్పా."

"ఏ మాటా?"

"ఏ మాటా పడలేదు. ఇంగ్లీషే వేస్తారంట."

"తిత్తి బూజు కూడానా? అదెట్ల కాదంటారు సార్? ఎవరు కాదన్యారు?"

అబద్ధం చెప్పడానికి వీలుంది. అనంతపురంవాళ్ళ మీద తోసేస్తే కుర్రవాడు నమ్ముతాడు. రాజగోపాలయ్య కార్డు అందించాడు. ఎర్రసిరా పైకి ఉండేలాగే అందించాడు.

వెంకటరామి చదివాడు. మళ్ళీ మొదటి నుంచి చదివాడు. సంతకం మీద వేలు పెట్టాడు.

"వెనక చూడల్యా సార్?"

"చూడలేదు."

"మీకు గుర్తుంటాదిలే అనుకున్యా. అచ్చయినాంక మీ చేతికి పుస్తకం తెచ్చియ్యాలని ఏమీ చెప్పకుండా సుమ్నే ఉన్యా." కార్డును బల్ల మీద నెమ్మదిగా పెట్టాడు. "ఇది నా మాట అనుకున్యారు గదా సార్."

రాజగోపాలయ్య తల ఊపాడు.

"నాకు మర్యాద తెలీదని రాసింటే నేను ఏమీ అనుకోను సార్. కానీ మా సార్ గురించి ఇట్ల ఇంకెవరన్నా రాసింటే, నేను ఊరుకునేవాణ్ణి కాదు."

గంట కొట్టారు. వెంకటరామి తిత్తి తీసుకుని తరగతికి వెళ్ళాడు. కాసేపటికి అటు నుంచి చింతపిక్కలు బల్ల మీద దొర్లిన చప్పుడు వచ్చింది, పిల్లలు ఎనిమిది దాకా లెక్కపెట్టారు. రాజగోపాలయ్య జంధ్యానికి కట్టిన మైక్రోస్కోపు బీరువా తాళంచెవి విప్పి, ఆ కార్డు మీద పెట్టి, వెంకటరామి కోసం కూర్చున్నాడు.