బీరువా వెనక అరగంట

బాల్కనీలో ఏసీ బయటి పెట్టె టక్కుమని ఆగింది. ఆమె చేతిలో కత్తి కూడా ఆగింది, ఉల్లిపాయ సగంలో ఉండగానే. గోడకవతల గదిలో అత్తగారు మంచం మీద ఇటునుంచి అటు దొర్లిన చప్పుడు, వెనకాలే ఒక నిట్టూర్పు. ఆమె మనసులో అంకెలు లెక్కపెట్టింది. నూట ఎనభై దాకా వచ్చేసరికి పెట్టె ఒళ్ళంతా వణికించుకుంటూ మళ్ళీ లేచింది. నాలుగు నిమిషాలు తిరిగి మళ్ళీ పడుకుంది. పొద్దుటినుంచీ ఇదే వరస. ఉల్లిపాయలు కోసేవాళ్ళు కళ్ళు తుడుచుకుంటే ఎందుకని ఎవరూ అడగరు. ఆ ఒక్క సదుపాయం కోసం ఈ వారమంతా ఆ ఇంట్లో ఉల్లిపాయల వాడకం కాస్త పెరిగింది.

"ఇంట్లో ఖాళీగానేగా ఉంటావు, ఆ ఫిల్టరు కాస్త కడగలేవా?" అన్నాడు భర్త మొదటిరోజు, బూట్ల లేసు ముడేసుకుంటూ. కడిగింది. మర్నాడూ అదే మాటన్నాడు, రెండో బూటు దగ్గర. మళ్ళీ కడిగింది. మూడోరోజుకి ఆ ఇంట్లో అందరికన్నా శుభ్రంగా ఉన్నది ఆ ఫిల్టరే. ఆడపడుచు ఫోన్ చేసి, "ఏంటి వదినా, అమ్మని ఆవిరి మీద ఉడికిస్తున్నారట?" అని నవ్వింది. అందులో నవ్వు సగమే. తర్వాత ఒక మెకానిక్ వచ్చి గ్యాస్ తగ్గిందన్నాడు, నింపాడు, వెళ్ళాడు. ఏసీ తన పద్ధతి మార్చుకోలేదు. వోల్టేజీ అయ్యుంటుందని భర్త కొత్త స్టెబిలైజరు తెచ్చి పెట్టించాడు. దానికొక పచ్చలైటు ఉంది. రోజూ పొద్దున్నే ఆ లైటు చూసుకుని, ఇంటి బాధ్యత తీరినట్టు తృప్తిగా ఆఫీసుకి వెళ్ళేవాడు.

తమాషా ఏమిటంటే, ఇవేవీ ఆమె తప్పులు కావు. కానీ ఎవరు ఏ మాటన్నా ఆమె చెయ్యి భుజం మీదికి పోయేది, గుమ్మడికాయల దొంగలా. అత్తగారికి గుండె జబ్బు చేసి ఆరునెలలయింది. వేడి తగలకూడదు, గది ఎప్పుడూ చల్లగా ఉండాలి అన్నాడు డాక్టరు. ఉన్న ఒక్క ఏసీ అందుకే ఆవిడ గదిలో ఉంది. అందుకే తడితువ్వాలుతో ఆవిడ వీపు తుడుస్తున్నప్పుడల్లా, చెమటకాయలు చేతికి గరుకుగా తగులుతున్నప్పుడల్లా, ఇదంతా నావల్లేనేమో అనిపించేది. ఎందుకనిపిస్తోందో తెలిసేది కాదు. ఆడదాని మనసులో తప్పు ముందే తయారుగా ఉంటుంది, నేరం తీరిగ్గా వెతుక్కోవచ్చు.

ఆమె డిగ్రీలో చదివింది ఫిజిక్సు. ఆ చదువు ఇరవై ఏళ్ళుగా ప్రెషర్ కుక్కర్ తప్ప వేరే ఏ పరికరం మీదా పనిచెయ్యలేదు. బుధవారం పొద్దున, ఇంక ఎవర్ని నమ్మీ లాభం లేదని, పాలవాడి లెక్కల పుస్తకం వెనక పేజీలో గీతలు గీసింది. ఎన్ని నిమిషాలు తిరిగింది, ఎన్ని నిమిషాలు ఆగింది. బాల్కనీలోకి వెళ్ళి బయటి పెట్టె ముందు చెయ్యి పెట్టి చూసింది. వేడిగాలి దండిగా వస్తోంది. అంటే లోపలి వేడిని మోసుకొచ్చి బయట పడేసే పని అది సక్రమంగానే చేస్తోంది. చుట్టూ అడ్డం ఏమీ లేదు, దుమ్మూ లేదు. యంత్రం ఆరోగ్యంగా ఉంది. మరి నాలుగు నిమిషాలకే పని అయిపోయిందని ఎందుకనుకుంటోంది?

ఆ ప్రశ్న బుర్రలో పెట్టుకునే మధ్యాహ్నం రెండింటికి తన చోటులోకి వెళ్ళి కూర్చుంది.

ఆ చోటు సంగతి ఇంట్లో ఎవరికీ తెలియదు. అత్తగారి గదిలో, ఏసీ ఉన్న గోడకి ఆనుకుని, సరిగ్గా దాని కింద ఇనప బీరువా ఉండేది. రెండు నెలల కింద, ఇంకా ఏసీ అవసరం లేని రోజుల్లో, గోడ చెమ్మెక్కుతోందని చెప్పి ఆమె ఆ బీరువాని మూడడుగులు ముందుకి జరిపింది. ఒక్కతే జరిపింది, దాని కాళ్ళ కింద సబ్బునీళ్ళలో తడిపిన గుడ్డలు పెట్టి. గోడ చెమ్మెక్కలేదు. ఆ గోడంత పొడిగోడ ఆ వీధిలోనే ఉండదు. బీరువా వెనక ఒక చెక్క స్టూలు వేసుకుంది. భర్త పొడుగు మనిషి, ఎప్పుడైనా మధ్యాహ్నమే ఇంటికొచ్చి పైనుంచి తొంగిచూస్తే కనబడుతుందని బీరువా నెత్తిన రెండు సూట్‌కేసులు నిలబెట్టింది. రోజూ రెండింటినుంచి రెండున్నర దాకా అక్కడ కూర్చునేది. ఏం చేసేదంటే, ఏమీ చేసేది కాదు. పుస్తకం చదివేది కాదు, ఫోన్ చూసేది కాదు. ఇంట్లో ఖాళీగా ఉంటావంటూ ఇరవై ఏళ్ళుగా వింటున్న మనిషికి, అసలు ఖాళీగా ఉండటమంటే ఎలా ఉంటుందో చూడాలనిపించింది, అంతే. హాల్లో కూర్చుంటే టీవీ చూసేవాళ్ళకి మంచినీళ్ళు గుర్తొస్తాయి. పడగ్గదిలో కూర్చుంటే ఒంట్లో బాలేదా అంటారు. స్నానాలగదిలో ఐదు నిమిషాలు ఆలస్యమైతే తలుపు కొడతారు. ఇంకా అదృష్టం ఏమిటంటే, రోజుకి నలభైసార్లు "అమ్మాయ్" అని పిలిచే అత్తగారు ఆ అరగంటా నిద్రపోయేది. పిలుపు ఉండేది కాదు.

ఆరోజు స్టూలు మీద కూర్చున్న ఆమెకి చలేసింది. పైట భుజాల చుట్టూ కప్పుకుంది. కప్పుకున్న చెయ్యి అక్కడే ఆగిపోయింది. లేచి, బీరువా చుట్టూ తిరిగి మంచం దగ్గరికొచ్చింది. కళ్ళు మూసుకున్న అత్తగారి మెడ మడతల్లో చెమట మెరుస్తోంది.

మూడడుగుల దూరంలో రెండు రుతువులు.

వంటింట్లోకి వెళ్ళి తుడిచేకర్ర చివర కుట్టుదారం కట్టి తెచ్చి ఏసీ ముందు పైకెత్తి పట్టుకుంది. దారం మంచం వైపు ఎగరాలి. ఎగరలేదు. సూట్‌కేసుల దాకా పోయి, తలబాదుకుని, పైకి మళ్ళి, తిరిగి ఏసీ నోట్లోకే వచ్చింది. అత్తారింటికి పంపిన చల్లదనం గుమ్మం దాటకుండానే పుట్టింటికి తిరిగొస్తోందన్నమాట. వేడి తెలుసుకునే కన్నేమో ఆ నోటి దగ్గరే ఉంటుంది. దానికి గది మొత్తం సంగతి అక్కర్లేదు, తన ముక్కు ముందు చల్లగా ఉంటే లోకమంతా హాయిగా ఉందనుకుని పని కట్టేస్తుంది. ఇలాంటివాళ్ళతో ఆమెకి పరిచయం ఉంది గాని, ఇప్పుడు నవ్వు రాలేదు. ఆవిడ మంచందాకా వెళ్ళాల్సిన చల్లదనమంతా ఇన్నాళ్ళూ ఆమె నెత్తిన పడుతోంది. అబ్బ, ఇక్కడెంత హాయిగా ఉంది అనుకుంది కూడా, చాలాసార్లు.

సూట్‌కేసులు దింపి చూసింది. ఏసీ పదకొండు నిమిషాలు తిరిగింది. బీరువా కూడా వెనక్కి జరిపితే పూర్తిగా బాగుపడుతుంది. సబ్బునీళ్ళు, నాలుగు గుడ్డలు, పావుగంట పని. రేపు చేద్దాం అనుకుంది.

గురువారం చెయ్యలేదు. చెయ్యకపోగా, రెండయ్యేసరికి సూట్‌కేసులు మళ్ళీ పైకెక్కించింది. అరగంటకేగా, మళ్ళీ దింపేస్తానుగా అని తనకి తనే సర్దిచెప్పుకుంది. స్టూలు మీద కూర్చుంటే చల్లదనం ఒంటికి తగిలింది గాని ఒంట్లోకి పోలేదు. ఎవరి నోటి దగ్గర్నుంచో లాక్కున్న ముద్ద మింగుతున్నట్టుంది. అయినా లేవలేదు. శుక్రవారం కూడా అంతే. ఇంట్లోవాళ్ళు ఫిల్టరునీ గ్యాస్‌నీ వోల్టేజీనీ అనుమానించారు, ఆమె బద్ధకాన్ని కూడా అనుమానించారు గాని, ఆమెకొక మూల కావాలనిపించి ఉంటుందన్న అనుమానం మాత్రం ఎవరికీ రాలేదు. దొరకనందుకు సంతోషించాలో ఏడవాలో తెలియలేదు.

శనివారం పాలు పొంగుతున్నాయని స్టూలు మీంచి లేచి పరిగెత్తింది. ఆ హడావిడిలో సూట్‌కేసులు దింపడం మర్చిపోయింది. సాయంత్రం మంచం దిగబోయిన అత్తగారు కళ్ళు తిరిగి తూలింది. ఆమె ఒడిసిపట్టుకుంది. ఆవిడ బరువంతా చేతుల మీద పడినప్పుడు, జాకెట్టు చెమటకి తడిసి ముద్దయి ఉంది. "ఏం లేదులే అమ్మాయ్, నువ్వు కంగారుపడకు," అంది అత్తగారు. తిట్టి ఉంటే బాగుండేది. భర్త అప్పటికప్పుడు ఏసీ కంపెనీకి ఫోన్ చేసి గట్టిగా మాట్లాడాడు. ఆయన అటు తిరిగి మాట్లాడుతుంటే ఆమె ఇటు సూట్‌కేసులు దింపింది.

ఆదివారం ఒంటిగంటన్నరకి పెద్ద మెకానిక్ వచ్చాడు. నెరిసిన తల, తొందరలేని మనిషి. మిషన్ విప్పకుండా కుర్చీ అడిగి దాని ఎదురుగా కూర్చున్నాడు. ఆగటం చూశాడు, లేవటం చూశాడు. భర్త పక్కన నిలబడి గ్యాస్ కథా స్టెబిలైజరు కథా వివరంగా చెప్పాడు. మెకానిక్ ఊఁ కొడుతూనే జేబులోంచి కాగితం తీసి చిన్న ముక్క చింపి ఏసీ ముందు గాలిలోకి వదిలాడు. కాగితం బీరువాకి తగిలి వెనక్కి మళ్ళింది. ఆయన బీరువా వైపు చూశాడు. ఆ తర్వాత దాని వెనక్కి ఒక అడుగు వేసి, స్టూలుని చూసి ఆగాడు. ఆమె వైపు చూసి, వెంటనే చూపు తిప్పుకుని, "ఇది ఎప్పటినుంచి ఇక్కడుందమ్మా?" అని మాత్రం అడిగాడు.

"గోడ చెమ్మెక్కిందని మా ఆవిడే జరిపింది," అన్నాడు భర్త.

మెకానిక్ గోడ మీద అరచెయ్యి ఆనించాడు. పొడిగా ఉన్న ఆ చేతిని ఒకసారి చూసుకుని జేబులో పెట్టుకున్నాడు. తప్పించుకోవడానికి అంత చోటు ఆయన వదిలిపెట్టాడు. ఫిల్టరు తియ్యడానికి వేసిన స్టూలండీ అనొచ్చు. ఆ అబద్ధం ఆమె నాలుక మీద బుధవారంనుంచీ సిద్ధంగానే ఉంది. మంచం మీద అత్తగారు మెడ తుడుచుకుంది.

"చెమ్మ లేదండీ. ఎప్పుడూ లేదు," అంది ఆమె. "ఏసీ ఆగిపోడానికి కారణం ఈ బీరువాయే. నాకు బుధవారమే తెలిసింది."

"తెలిసీ చెప్పలేదా? అమ్మ నిన్న పడబోయింది."

"అవును. తెలిసీ చెప్పలేదు."

"ఎందుకు? ఆ వెనకాల ఏముందని?"

"స్టూలుంది. నేను కూర్చుంటాను."

"కూర్చుని?"

"ఊరికే."

భర్త మెకానిక్ వైపు చూసి చిన్నగా నవ్వాడు, మగవాళ్ళిద్దరూ కలిసి నవ్వాల్సిన నవ్వు. మెకానిక్ తన సంచి సర్దుకుంటున్నాడు. "కూర్చోడానికి ఇల్లంతా ఉంది కదా. ఎవరొద్దన్నారు నిన్ను?" అన్నాడు భర్త. నిజమే, ఎవరూ వద్దనలేదు. ఆమె తలొంచుకుని నిలబడింది.

"ఆ స్టూలు కిర్రుమంటుంది," అంది మంచం మీదనుంచి అత్తగారు. "రెండింటికి ఒకసారి, రెండున్నరకి ఒకసారి. గుండె పాడయింది గాని నా చెవులు బానే ఉన్నాయి."

ఆమె తలెత్తింది. "మీరు నిద్రపోతారు కదా అత్తయ్యా, ఆ టైముకి?"

"ఈ ఉక్కలో నిద్రెక్కడిది? కళ్ళు మూసుకునేదాన్ని. దాహమేస్తే రెండున్నర దాకా ఆగేదాన్ని." ఆవిడ తువ్వాలు మడత మార్చి నుదురు తుడుచుకుంది. "చల్లగాలంతా నువ్వే తాగేస్తున్నావని తెలిస్తే మాత్రం ఆగేదాన్ని కాదనుకో."

దొంగిలించాననుకున్నది ఎవరో చేతులారా ఇచ్చినదని తెలిస్తే నేరం తగ్గాలి. పెరిగింది. ఎండిన గొంతుతో పక్కనే పడుకుని ఒక మనిషి రోజూ అరగంట ఆమెకి కాపలా కాసింది, ఆమేమో ఆ మనిషి గాలి తీసుకుంది. క్షమించండి అనబోయింది. అది మానేసి వంటింట్లోకి వెళ్ళి సబ్బునీళ్ళు తెచ్చింది. ఎలా ఎత్తాలా అని భర్త బీరువా చుట్టూ తిరుగుతుంటే, "ఎత్తితే కదలదు," అని పక్కకి జరగమంది. మెకానిక్ ఒక చెయ్యి వేశాడు. ఐదు నిమిషాల్లో బీరువా గోడకి చేరింది. గదిలో గాలి అడ్డం లేకుండా మంచం దాకా నడిచింది. అత్తగారి నుదుటి మీది నెరిసిన వెంట్రుకలు కదిలాయి. "మిషన్ బానే ఉంది సార్, ఇంకేం పని లేదు," అని మెకానిక్ వెళ్ళిపోయాడు.

గది మధ్యలో స్టూలు మిగిలింది. నలుగురిలో నిలబెట్టిన దొంగలా ఉంది. ఆమె దాన్ని తీసుకుని వంటింటి వైపు రెండడుగులు వేసింది. హాల్లో గడియారం రెండు కొట్టింది. ఆగి, వెనక్కొచ్చి, స్టూలుని మంచం పక్కన, గుమ్మానికి ఎదురుగా, అందరికీ కనబడేలా వేసి కూర్చుంది. అది కిర్రుమంది. మనసులో తప్పు ఎక్కడికీ పోలేదు. సరే, అదీ కూర్చుంటుందిలే అనుకుంది.

మెకానిక్‌ని గేటు దాకా సాగనంపి వచ్చిన భర్త గుమ్మంలో ఆగాడు. "ఏంటి, కూర్చున్నావు? పనేం లేదా?"

"ఉంది," అంది ఆమె. "రెండున్నరకి చేస్తాను."

అత్తగారు అలవాటుగా కళ్ళు మూసుకోబోయి, మళ్ళీ తెరిచింది. "ఒరే, దాహంగా ఉందిరా. కాసిని మంచినీళ్ళు పట్టుకురా," అంది కొడుకుతో.

ఆయన ఇద్దర్నీ మార్చి మార్చి చూసి వంటింట్లోకి వెళ్ళాడు. గిన్నెలు కదిలిన చప్పుడు, ఫ్రిజ్ తలుపు చప్పుడు, మళ్ళీ గిన్నెల చప్పుడు. తర్వాత కేక, "అమ్మ గ్లాసు ఎక్కడుంది?"

ఆమె మోకాళ్ళు వాటంతటవే సగం లేచాయి. జవాబు నోటిదాకా వచ్చింది. రెండో అరలో, ఎడమ పక్క, మూత ఉన్నది. అత్తగారు ఆమె వైపు చూడటం లేదు, పైకప్పు వంక చూస్తోంది. ఏసీ ఆగకుండా తిరుగుతూనే ఉంది.

ఆమె మళ్ళీ కూర్చుంది. గడియారం వైపు చూసింది. ఇంకా ఇరవై ఆరు నిమిషాలున్నాయి.